చుక్కల మందుకు లొంగని మొండి క్రిమి

భైంసా చుట్టుపక్కల పత్తి ఏరే రోజుల్లో ఇది మామూలే. చేన్లో వంగి పని చేస్తుంటే ఎండుపుల్ల కంట్లో గీసుకుంటుంది. కొంగు మడిచి, నోటితో వెచ్చగా ఊది కంటికి అద్దుకుని మళ్లీ పనిలో పడతారు. రాత్రికి కన్ను ఎర్రబడుతుంది. తెల్లారేసరికి పుసి కట్టి రెప్పలు అంటుకుపోతాయి. ఒకరు చనుబాలు వేయమంటారు, ఇంకొకరు ఆకుపసరు. కాదంటే మెడికల్ షాపులో అడిగి ఓ సీసా తెచ్చుకుంటారు. చాలామందికి తగ్గిపోతుంది కూడా. చిక్కంతా తగ్గని ఆ కొద్దిమందితోనే.

పొలంలో దెబ్బ తగిలిన కంట్లో పుండు పడితే, దానికి చాలాసార్లు ఫంగస్ కారణం. మరికొన్నిసార్లు బ్యాక్టీరియా. ఆ బ్యాక్టీరియాల్లో కంటి డాక్టర్లు బాగా భయపడేది సూడోమోనాస్‌కు. నల్లగుడ్డు మీద అద్దంలా ఉండే కార్నియా పొర మందం అర మిల్లీమీటరు కంటే కాస్త ఎక్కువ, అంతే! దాన్ని కరిగించే ఎంజైములు ఈ క్రిమి దగ్గరున్నాయి. పుండు గంటల్లో పెరుగుతుంది. ఒకట్రెండు రోజుల్లోనే చిల్లు పడినా ఆశ్చర్యం లేదు. మానినా పువ్వు వేసి చూపు తగ్గిపోవచ్చు.

ఎక్కడుంటుందీ క్రిమి? తడి ఉన్న చోటల్లా. కుళాయి మూతి, బకెట్ అడుగు, కాంటాక్ట్ లెన్సుల డబ్బా, ఆస్పత్రి సింకు. ఆఖరికి మూత తీసి వదిలేసిన చుక్కల సీసా కొస కూడా దానికి ఇల్లే. 2023లో అమెరికాలో ఏం జరిగిందో చూడండి. చెన్నై దగ్గర తయారై అక్కడికి వెళ్లిన కంటి చుక్కల ద్వారా మందులకు లొంగని సూడోమోనాస్ 18 రాష్ట్రాల్లో 81 మందికి సోకింది. నలుగురు చనిపోయారు. 14 మంది చూపు కోల్పోయారు. కన్ను ఆరిపోకుండా వేసుకునే మామూలు చుక్కలవి!

దీని మొండితనం సగం పుట్టుకతో వచ్చిందే. పైపొరలో మందు దూరే సందులు తక్కువ. దూరినా బయటికి తోడేసే పంపులుంటాయి. మందును ముక్కలు చేసే ఎంజైములను తోటి క్రిముల నుంచి అరువు తెచ్చుకుంటుంది. మిగతా సగం మనం నేర్పింది. రెండు రోజులు ఒక మందు, తగ్గలేదని ఇంకోటి, కాస్త తగ్గగానే మానేయడం... ప్రతిసారీ బలహీనమైనవి చచ్చి గట్టివి మిగులుతాయి. మన నీళ్లు కూడా దీనికి తోడు. పటాన్‌చెరులో మందుల కంపెనీల వ్యర్థజలాలను శుద్ధి చేసి వదిలే చోట, లీటరుకు 31 మిల్లీగ్రాముల దాకా సిప్రోఫ్లాక్ససిన్ ఉన్నట్టు 2007లో స్వీడన్ శాస్త్రవేత్తలు ప్రకటించారు. ఆ మందు మింగిన రోగి రక్తంలో కూడా అంత ఉండదు. కంటికి ముందుగా రాసే చుక్కల్లో ఒకటి ఆ సిప్రోఫ్లాక్ససినే.

అంతకన్నా పెద్ద ప్రమాదం స్టిరాయిడ్ కలిసిన చుక్కలు. వేయగానే ఎరుపు విరుగుతుంది, నొప్పి తగ్గుతుంది. షాపతనికి మంచి పేరొస్తుంది. లోపల మాత్రం క్రిమిని అడ్డుకునేవాళ్లే లేకుండా పోతారు.

మరి వైద్యం ఎలా చేస్తారు? మందు కంటే ముందు పరీక్ష. కంటికి తిమ్మిరి చుక్కలు వేసి, పుండు అంచును సన్నని బ్లేడుతో గీరి గాజుపలక మీద రాస్తారు. నొప్పి ఉండదు. అది ఫంగసా, బ్యాక్టీరియానా అన్నది మైక్రోస్కోపు కింద కాసేపట్లోనే తేలే వీలుంది. మిగతా నమూనాను ల్యాబ్‌లో పెంచి, ఏ మందుకు చస్తుందో చూడటానికి రెండు మూడు రోజులు పడుతుంది. ఈలోగా అనుమానాన్ని బట్టి చుక్కలు మొదలుపెడతారు. మొదటి రెండు రోజులూ గంటకోసారి, రాత్రి కూడా. ఇంట్లో ఒకరు అలారం పెట్టుకుని లేవాల్సిందే. కంటికి కట్టు మాత్రం కట్టకూడదు.

రిపోర్టులో మామూలు మందులన్నిటి ఎదుటా 'లొంగలేదు' అని వస్తే? అప్పుడు కొలిస్టిన్ వైపు చూస్తారు. కిడ్నీలకు హాని చేస్తుందని దశాబ్దాల కిందట పక్కన పెట్టిన పాత మందు ఇది. మొండి క్రిములు పెరిగాక మళ్లీ బయటికి తీయాల్సి వచ్చింది. ఇంజెక్షన్ పొడిని కలిపి చుక్కలుగా తయారుచేస్తారు. మందులకు లొంగని సూడోమోనాస్ పుండ్లకు ఈ చుక్కలు వాడిన అనుభవాన్ని హైదరాబాద్ ఎల్వీ ప్రసాద్ కంటి ఆస్పత్రి డాక్టర్లు 2014లో ప్రచురించారు. ఇంత విలువైన మందును కోళ్ల దాణాలో కలిపేవాళ్లు! కేంద్రం 2019లో గానీ దాన్ని నిషేధించలేదు. కొలిస్టిన్‌తోనూ ఆగకపోతే పాడైన కార్నియాను తీసేసి, దాత ఇచ్చినది అతకాలి. అప్పటికి లక్ష్యం చూపు కాదు, కన్ను దక్కితే చాలు.

భైంసా వాళ్లకు దారి మరీ దూరం కాదు. ఎల్వీ ప్రసాద్ సంస్థ పల్లెల కోసం పెట్టిన మొదటి కేంద్రం పక్కనే ఉన్న ముథోల్‌లోనే ఉంది. 1996లో మొదలైన భోస్లే గోపాలరావు పటేల్ కంటి కేంద్రం అది. పుల్ల గీసుకున్న కన్ను మర్నాటికి ఇంకా ఎర్రగా ఉన్నా, వెలుతురు చూడలేకపోయినా, నల్లగుడ్డు మీద తెల్లమచ్చ కనిపించినా ఆ రోజే కంటి డాక్టరు దగ్గరికి వెళ్లాలి. సంత రోజు దాకా, కూలి డబ్బులు వచ్చేదాకా ఆగకూడదు. వెళ్లేటప్పుడు అప్పటిదాకా వేసిన చుక్కల సీసాలన్నీ, ఖాళీవైనా సరే, సంచిలో వేసుకెళ్లాలి. ఏ మందుకు లొంగలేదో డాక్టరుకు వాటిని చూస్తేనే తెలుస్తుంది. అవసరమైతే ఆ సీసాలో మిగిలిన మందును కూడా ల్యాబ్‌లో పరీక్షకు పెడతారు.