ఆటగది తాళంచెవి ఎవరి చేతిలో?

కుప్పం నుండి ఒక దిక్కుకు సాగితే కర్ణాటకలోని బంగారు గనుల పట్టణం కె.జి.ఎఫ్. వస్తుంది. మరొక దిక్కుకు సాగితే తమిళనాడులోని కృష్ణగిరి వస్తుంది. మూడు రాష్ట్రాలు కలిసే ఈ నేలలో భూమికి సరిహద్దు రాళ్లు ఉన్నాయి గాని బంధుత్వాలకు లేవు. ఆడపిల్లను ఒక రాష్ట్రంలో ఇచ్చి, కోడలిని మరొక రాష్ట్రం నుండి తెచ్చుకున్న కుటుంబాలు ఊరూరా కనిపిస్తాయి. రాయగడ, పర్లాకిమిడి, బళ్లారి, సిరొంచ, యానాం ప్రాంతాలలోనూ పరిస్థితి ఇంచుమించు ఇదే. ఇటువంటి ఇళ్లలో మేనత్త బిడ్డలు, మేనమామ బిడ్డలు ఒకప్పుడు జాతరలకు, పెళ్లిళ్లకు కలుసుకునేవారు. ఇప్పుడు ప్రతి సాయంత్రం సెల్‌ఫోనులోని తుపాకుల ఆటలో కలుసుకుంటున్నారు.

"రూమ్ ఐడీ పంపించు, పాస్‌వర్డు చెప్పు" అన్న మాటలు పిల్లల నోట వినని ఇల్లు నేడు అరుదు. ఆ గది ఏమిటో, దాని తాళంచెవి ఎవరి దగ్గర ఉంటుందో, లోపలికి పోవడానికి ఒక్కొక్కసారి డబ్బు ఎందుకు కట్టాలో పెద్దలలో చాలామందికి తెలియదు. తెలియనప్పుడు పిల్లవానిని తిట్టినా ప్రయోజనం లేదు, వదిలివేసినా ప్రయోజనం లేదు. అందుచేత ముందు ఆ గదిని అర్థం చేసుకోవడం అవసరం.

గది అంటే ఏమిటి?

బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా అనే ఆటను ఉదాహరణగా తీసుకుందాం. పిల్లలు దీనిని బీజీఎంఐ అని పిలుస్తారు. సాధారణ ఆటలో ఆటగాడు బొత్తాము నొక్కగానే సంస్థ కంప్యూటర్లు ఎక్కడెక్కడివారినో పోగుచేసి, సుమారు నూరుమందిని ఒక ద్వీపం మీద విమానం నుండి దింపుతాయి. ఆయుధాలు వెతుక్కోవాలి. క్షేమంగా ఉండే వలయం అంతకంతకు చిన్నదవుతుంది. చివరకు మిగిలినవారే విజేతలు. ఇందులో ఎదుటివాడు ఎవరో ఆటగాడికి తెలియదు, ఎంచుకునే వీలూ లేదు.

కస్టమ్ రూమ్ అనే ప్రత్యేక గదిలో పద్ధతి వేరు. ఇక్కడ ఒక వ్యక్తి యజమాని అవుతాడు. అతని దగ్గర రూమ్ కార్డు ఉండాలి. గదికి పేరు పెట్టి, పాస్‌వర్డు నిర్ణయించి, ఎరాంగెల్, మిరమార్, సాన్‌హాక్ వంటి పటాలలో ఒకదానిని ఎంచుకుంటాడు. ఒంటరిగా ఆడాలా, ఇద్దరేసి, నలుగురేసి జట్లుగా ఆడాలా అన్నదీ అతడే నిర్ణయిస్తాడు. గది తెరవగానే ఒక సంఖ్య వస్తుంది. ఆ సంఖ్యను, పాస్‌వర్డును తనకు కావలసినవారికి పంపుతాడు. వారు వచ్చి తమ తమ స్థానాలలో చేరుతారు. ఇష్టం లేనివారిని బయటకు పంపే అధికారం, ఆట మొదలుపెట్టే అధికారం యజమానివే. కొద్దిమందే ఉంటే గిడ్డంగిలో నలుగురికి నలుగురు తలపడే చిన్న ఆట పెట్టుకోవచ్చు. ఫ్రీ ఫైర్ మాక్స్‌లోనూ ఇటువంటి గదులే ఉన్నాయి.

ఈ ఏర్పాటు కొత్తది కాదు. 1999లో మరొక ఆటకు మార్పుగా పుట్టి, 2000లో వాల్వ్ సంస్థ ద్వారా విడుదలైన కౌంటర్-స్ట్రైక్ ఆట నాటి నెట్ సెంటర్లలో ఇలాగే సాగేది. ఒక కంప్యూటరులో ఆట తెరిచి, పటం ఎంచుకుని, పక్క కంప్యూటర్లవారిని చేర్చుకునేవారు. అప్పుడు డబ్బు గంటకు ఇంత అని సెంటరు యజమానికి పోయేది. ఆడేవారు ఒకరి ముఖం ఒకరు చూసేవారు. మోసం జరిగితే అక్కడే తేలిపోయేది. నేటి గదిలో ముఖాలు లేవు. గోడలు లేవు. అసలు తేడా ఇక్కడే ఉన్నది.

గదిలోని మంచి

కస్టమ్ రూమ్ అనగానే చెడు అనుకోవడం న్యాయం కాదు. చిన్నపిల్లల విషయంలో సాధారణ ఆటకంటే తెలిసినవారి గదే మేలు. బహిరంగ ఆటలో జట్టులో పడిన అపరిచితుడు మైకులో ఏ మాట మాట్లాడినా పిల్లవాని చెవిన పడుతుంది. గదిలో ఉండేది పిలిచినవారే. ఓడినా ర్యాంకు తగ్గదు కనుక కసితో మరొక ఆట, ఇంకొక ఆట అని అర్ధరాత్రి దాకా కూర్చునే ఒత్తిడి కొంత తక్కువ. బెంగళూరులో పనికి కుదిరిన అన్న, ఊరిలో చదివే తమ్ముడు ఒక అరగంట కలిసి ఆడుకుంటే అందులో తప్పు పట్టవలసినది లేదు. బడిలో కన్నడమో, తమిళమో, ఒడియానో చదివే పిల్లలు ఆ గదిలో ఇంటి తెలుగులో మాట్లాడుకోవచ్చు.

క్రీడగా కూడా ఈ ఆటలకు గుర్తింపు వచ్చింది. 2022 డిసెంబరులో కేంద్ర ప్రభుత్వం ఈ-స్పోర్ట్స్‌ను యువజన, క్రీడల మంత్రిత్వ శాఖ పరిధిలో చేర్చింది. 2023లో చైనాలోని హాంగ్‌ఝౌలో జరిగిన ఆసియా క్రీడలలో ఈ-స్పోర్ట్స్‌కు పతకాలు ఇచ్చారు. పెద్ద పోటీలన్నీ ఇటువంటి ప్రత్యేక గదులలోనే జరుగుతాయి. అక్కడ నిర్వాహకుడు ఎవరో, నియమాలు ఏమిటో, బహుమతి ఎవరిస్తారో ముందుగానే బహిరంగంగా తెలుస్తుంది.

డబ్బు లోపలికి వచ్చినప్పుడు

చిక్కు మొదలయ్యేది గదికి ప్రవేశ రుసుము పెట్టినప్పుడే. ఒక యువకుడు వాట్సాప్‌లోనో టెలిగ్రామ్‌లోనో ఒక గ్రూపు పెడతాడు. మనిషికి 50 రూపాయలు అంటాడు. నూరుమంది కడితే 5,000 రూపాయలు. మొదటి బహుమతి 2,000, రెండవది 1,000 అని ప్రకటిస్తే, గది తెరిచినందుకు అతనికి మిగిలేది 2,000. రోజుకు మూడు గదులు నడిపితే ఆరు వేలు. ఇది ఉదాహరణ లెక్క మాత్రమే. అయినా ఈ వ్యాపారం ఎందుకు ఆకర్షిస్తున్నదో అర్థం కావడానికి చాలు. పేకాట ఇంట్లో నాలు పట్టేవాని లెక్క కూడా ఇదే. ఆడినవారిలో ఎవరు గెలిచినా ఇల్లు నడిపేవాడు ఓడడు.

ఆడేవాని వైపు నుండి చూస్తే లెక్క వేరుగా ఉంటుంది. 50 రూపాయలు చిన్న మొత్తమే. నూరుమందిలో బహుమతి దక్కేది ఇద్దరు ముగ్గురికే. మిగిలినవారు రేపు గెలుస్తామని మళ్లీ కడతారు. నెలకు ఇరవై రోజులు కడితే వెయ్యి రూపాయలు. ఆ ఫోను తల్లిది, ఆ ఖాతా పాల డబ్బులు జమ అయ్యేది అయితే ఆ వెయ్యి ఇంటికి చిన్నది కాదు.

పైగా ఈ గదిలో మోసానికి దారులు అనేకం. డబ్బు వసూలయ్యాక గ్రూపు మాయం కావచ్చు. కట్టినవారికి గది సంఖ్య ఆలస్యంగా పంపి, వారు వచ్చేసరికి ఆట మొదలుపెట్టవచ్చు. ఆడకుండా చూసే అవకాశం ఉన్నవాడు తన స్నేహితునికి ఎదుటివాడు దాగిన చోటు ఫోనులో చెప్పవచ్చు. గోడల వెనుక మనిషిని చూపే దొంగ యాప్‌లు వాడేవారిని చేర్చుకోవచ్చు. ఇందులో ఏది జరిగినా ఆట సంస్థకు సంబంధం లేదు, ఎందుకంటే డబ్బు దాని ద్వారా పోలేదు. యూపీఐలో తానుగా పంపిన డబ్బును వెనక్కు తెప్పించడం బ్యాంకుకూ సులభం కాదు.

ఎల్లలు దాటే ఆట, ఎల్లల లోపలి చట్టం

జూదం మన రాజ్యాంగంలో రాష్ట్రాల జాబితాలోని విషయం. అందువల్ల సరిహద్దు ఊళ్లలో చాలాకాలం వింత పరిస్థితి నడిచింది. 2017లో తెలంగాణ డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను నిషేధించింది. 2020 సెప్టెంబరులో ఆంధ్రప్రదేశ్ అదే దారి పట్టింది. 2020 నవంబరులో తమిళనాడు తెచ్చిన నిషేధాన్ని 2021 ఆగస్టులో మద్రాసు హైకోర్టు కొట్టివేసింది. 2021 అక్టోబరులో అమలులోకి వచ్చిన కర్ణాటక నిషేధాన్ని అక్కడి హైకోర్టు 2022 ఫిబ్రవరిలో కొట్టివేసింది. తమిళనాడు 2022లో మళ్లీ చట్టం చేసింది. కుప్పంలో నేరమైనది కొద్ది దూరంలోని కె.జి.ఎఫ్.లో నేరం కాని రోజులు ఉన్నాయి. గదిలో చేరినవాడు ఏ రాష్ట్రంలో కూర్చున్నాడో గదికి తెలియదు.

ఆటలే మాయమై మళ్లీ వచ్చిన చరిత్ర కూడా ఉన్నది. 2020 సెప్టెంబరులో కేంద్రం పబ్జీ మొబైల్‌ను నిషేధించింది. 2021 జూలైలో బీజీఎంఐ వచ్చింది. 2022 జూలైలో దానిని యాప్ దుకాణాల నుండి తొలగించారు. 2023 మే నెలలో అది తిరిగి వచ్చింది. అప్పుడు పద్దెనిమిదేళ్ల లోపువారికి రోజుకు మూడు గంటలు, పెద్దలకు ఆరు గంటలు అన్న పరిమితి పెట్టారు. ఫ్రీ ఫైర్ 2022 ఫిబ్రవరి నిషేధంలో పోయింది.

నైపుణ్యపు ఆట అయితే జూదం కాదన్న వాదం చాలాకాలం న్యాయస్థానాలలో నిలిచింది. దీనికి ఒక మూలం తెలుగు నేలలోనే ఉన్నది. సికింద్రాబాదులోని ఒక క్లబ్బులో రమ్మీ ఆటపై వచ్చిన కేసులో, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వానికి, కె. సత్యనారాయణకు మధ్య 1967లో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. రమ్మీ ప్రధానంగా నైపుణ్యపు ఆట అని, క్లబ్బు వసతికి కొద్దిపాటి రుసుము తీసుకున్నంత మాత్రాన అది జూదగృహం కాదని చెప్పింది. పందెం ఆట మీద ఇంటి యజమాని లాభం చేసుకుంటే మాత్రం నేరం కావచ్చునని కూడా ఆ తీర్పే హెచ్చరించింది. తొలి మాటను అందరూ గుర్తుపెట్టుకున్నారు. రెండవ మాట నేటి గదుల యజమానులకు నేరుగా తగులుతుంది.

2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన ఆన్‌లైన్ ఆటల ప్రోత్సాహ, నియంత్రణ చట్టం ఈ వాదాన్నే పక్కకు నెట్టింది. ఆగస్టు 22న దానికి రాష్ట్రపతి ఆమోదం లభించింది. నైపుణ్యమా, అదృష్టమా అన్నదానితో పని లేకుండా, డబ్బు గెలుస్తామన్న ఆశతో డబ్బు కట్టి ఆడేది ధనక్రీడ అని ఆ చట్టం నిర్వచించింది. అటువంటి ఆటను అందించేవారికి మూడేళ్ల వరకు జైలు, కోటి రూపాయల వరకు జరిమానా విధించవచ్చునని, ప్రకటనలు చేసేవారికి రెండేళ్ల వరకు జైలు, 50 లక్షల వరకు జరిమానా విధించవచ్చునని పేర్కొన్నది. ఆడినవారిని మాత్రం శిక్షించే ఉద్దేశం లేదు. ఈ-స్పోర్ట్స్‌కు మినహాయింపు ఉన్నది. పోటీలో చేరడానికి, నిర్వహణ ఖర్చుకు రుసుము తీసుకోవచ్చు, ప్రతిభను బట్టి బహుమతి ఇవ్వవచ్చు. అయితే ఆ పోటీ చట్టప్రకారం గుర్తింపు, నమోదు పొందినదై ఉండాలి. ఎవరూ పందెం కాయరాదు.

చట్టంలో "ఏ వ్యక్తీ" అన్న మాట ఉన్నది. పెద్ద కంపెనీ అనే కాదు. కనుక ఊరి యువకుడు నమోదు లేకుండా రుసుము వసూలు చేసి గది నడిపితే, తాను నడిపేది పోటీ అని చెప్పుకున్నా ఆ మాట నిలవడం కష్టం. పది మందిని అలరించే పని అనుకుని మొదలుపెట్టిన కుర్రవాడు జైలుశిక్ష ఉన్న నేరం అంచున నిలబడి ఉండవచ్చు. చదువు ముగించి ఉద్యోగాల కోసం ఎదురుచూసే ఇళ్లు దీనిని తేలికగా తీసుకోరాదు.

ఇంటి పెద్దలు చేయగలిగినది

ఫోను లాక్కోవడం ఒక రోజు పని. మరునాడు స్నేహితుని ఫోనులో ఆట సాగుతుంది. అంతకంటే పిల్లవాని పక్కన కూర్చుని మూడు ప్రశ్నలు అడగడం మేలు. గది తెరిచినవారు ఎవరు? లోపల ఉన్నవారిలో ముఖపరిచయం ఉన్నవారు ఎందరు? ఎవరైనా, ఎంతైనా డబ్బు కట్టారా? మొదటి రెండింటికి పేర్లతో జవాబు వచ్చి, మూడవదానికి లేదని వస్తే అది ఆట. సమయం కట్టడి చేస్తే సరిపోతుంది. మూడవదానికి అవునని వస్తే అక్కడ ఆపవలసినదే.

యూపీఐ పిన్ పిల్లలకు తెలియకుండా ఉంచడం మొదటి జాగ్రత్త. బహుమతి వచ్చింది, తీసుకోవడానికి పిన్ కొట్టండి అని ఎవరైనా అంటే అది మోసమే. డబ్బు అందుకోవడానికి పిన్ అవసరం లేదు, పంపడానికే కావాలి. మోసం జరిగితే సిగ్గుపడి దాచకుండా వెంటనే 1930 నంబరుకు ఫోన్ చేయాలి. ఈ నంబరు అన్ని రాష్ట్రాలకూ ఒకటే. ఆలస్యమైన కొద్దీ డబ్బు ఖాతాలు మారిపోతుంది. ఆట మానలేక నిద్ర, చదువు చెడిన పిల్లల విషయంలో ప్రపంచ ఆరోగ్య సంస్థ దీనిని రుగ్మతగా గుర్తించిన సంగతి తెలుసుకోవాలి. బెంగళూరు నిమ్హాన్స్‌లో 2014 నుండి ఇందుకు ప్రత్యేక వైద్యసేవ ఉన్నది. టెలీ మానస్ నంబరు 14416లో తెలుగులోనూ సలహా దొరుకుతుంది.

గ్రామ పెద్దలకూ ఒక పని ఉన్నది. సంక్రాంతికి కబడ్డీ, ముగ్గుల పోటీలు పెట్టే యువజన సంఘాలు, రుసుము లేకుండా, పందెం లేకుండా, అందరూ ఒకే చోట కూర్చుని ఆడే పోటీని ఒక మధ్యాహ్నం పెట్టవచ్చు. బహుమతిగా ఒక పుస్తకమో, క్రికెట్ బ్యాటో ఇవ్వవచ్చు. అప్పుడు ముఖాలు కనిపిస్తాయి, ఓడినవాడు గెలిచినవాని భుజం తడతాడు. నిషేధించిన ఆట మరొక పేరుతో తిరిగి రావడం ఈ ఆరేళ్లలో అందరూ చూశారు. రేపు మరొక ఆట వస్తుంది, మరొక గది తెరుచుకుంటుంది. ఆ గదిలో ఎవరున్నారో ఇంటి పెద్దకు తెలిసినంతకాలం భయపడవలసినది తక్కువ. తెలియని చేతికి తాళంచెవితోపాటు డబ్బు సంచి కూడా అప్పగించినప్పుడే ఆట జూదమవుతుంది.