తోటరాముడి తల్లి గుర్తుందా?

తెలంగాణ చలనచిత్రాభివృద్ధి సంస్థ వారికి, ఫిలింనగర్ పెద్దలకు,

నందులు ఆగిపోయాక ఏళ్ల తరబడి అవార్డుల ఊసే లేదు. గద్దర్ పేరుతో మళ్లీ మొదలుపెట్టారు, సంతోషం. 2025 జూన్ 14న హైటెక్స్‌లో సభ ఘనంగా జరిగింది. పేచీ అంతా ప్రత్యేక పురస్కారాల దగ్గరే. ఎన్టీఆర్, పైడి జైరాజ్, బి.ఎన్. రెడ్డి, నాగిరెడ్డి-చక్రపాణి, కాంతారావు, రఘుపతి వెంకయ్య. ఆరు పురస్కారాలు, ఏడు పేర్లు. బి.ఎన్. రెడ్డి, నాగిరెడ్డి అన్నదమ్ములిద్దరికీ విడివిడిగా చోటు దొరికింది గానీ, ఒక్క ఆడమనిషి పేరు లేదు. అందుకున్న ఆరుగురూ మగవాళ్లే.

ఆ ఏడుగురి గొప్పతనాన్ని ఎవరూ శంకించడం లేదు. కానీ ఒక్కసారి 'పాతాళభైరవి' (1951) వేసుకుని చూడండి. తోటరాముడు ఎన్టీఆర్. తీసింది నాగిరెడ్డి, చక్రపాణి. ఒక్క సినిమాలోంచి మూడు పేర్లు ఏరుకున్నారు కదా, అదే సినిమాలో తోటరాముడి తల్లి ఎవరో ఎవరికీ తట్టలేదా?

ఆవిడ సురభి కమలాబాయి. తెలుగు టాకీకి తొలి కథానాయిక.

తొలి తెలుగు టాకీ, హెచ్.ఎం. రెడ్డి 'భక్త ప్రహ్లాద' (1932)లో లీలావతి ఆవిడే. తల్లి నాటకం ఆడుతుండగా నొప్పులొచ్చి, తెర వెనకే పుట్టిందని చెప్పుకుంటారు. అదే 1932లో 'పాదుకా పట్టాభిషేకం'లో సీతగా, 'శకుంతల'లో యడవల్లి సూర్యనారాయణ పక్కన శకుంతలగా వేసింది. అప్పటికి ప్లేబ్యాక్ లేదు. కెమెరా ముందు నిలబడి నటిస్తూనే పాడాలి. వాద్యగాళ్లు ఫ్రేములో పడకుండా పక్కనే నక్కి వాయించాలి. ఒక్క స్వరం తప్పినా, ఎక్కడో ఎవరో దగ్గినా మొత్తం మొదటికి. సురభి నాటకాల్లో పెరిగిన గొంతు గనక తట్టుకుంది. ఆ 'భక్త ప్రహ్లాద' ప్రింటు ఇప్పుడు లేదు. దాచుకోలేకపోయిన తప్పు ఆవిడది కాదు.

అందులోనే చిన్న వేషం వేసిన కుర్రాడు ఎల్.వి. ప్రసాద్. ఆయన పేరు బంజారాహిల్స్‌లో కంటి ఆసుపత్రి మీద వెలుగుతోంది. ఆయన చేసిన పనికీ దానానికీ అది తగిన గౌరవమే. మరి ఆ సినిమా నాయిక పేరు ఈ కొండల మీద ఎక్కడైనా కనిపిస్తుందా? ఫిలింనగర్‌లో రఘుపతి వెంకయ్య విగ్రహం ఉంది, ఫిలిం ఛాంబర్‌లో దాసరి విగ్రహం ఉంది. ఆ వరసలో ఒక నటీమణి ఎందుకు నిలబడకూడదు?

తెలంగాణ వాళ్లకే ప్రాధాన్యం అంటారా? కాంతారావు, జైరాజ్ వరకు ఆ మాట చెల్లుతుంది. బి.ఎన్. రెడ్డిది పులివెందుల వైపు, ఎన్టీఆర్‌ది నిమ్మకూరు. బొంబాయి వెళ్లి పేరు తెచ్చినందుకు జైరాజ్‌ను తలుచుకుంటే, బొంబాయి స్టూడియోల్లో ఏళ్లు గడిపిన కమలాబాయి ఎందుకు పనికిరాలేదు? ఇంతకీ కొలబద్ద ఏమిటి? 2024 సినిమాల జ్యూరీకి జయసుధ గారిని అధ్యక్షురాలిని చేశారు, మంచిదే. విజేతలను ఎంచడానికి ఆడవాళ్లు పనికొచ్చినప్పుడు, అవార్డుకు పేరు పెట్టుకోవడానికి పనికిరారా?

ఇది ఒక్క కమలాబాయి సంగతీ కాదు. కాంచనమాల ఏమైంది? స్టూడియో నడిపి, దర్శకత్వం చేసి, పాడి, రాసిన భానుమతి? ఎన్టీఆర్‌ను తొలిసారి తెరమీదికి తెచ్చిన 'మనదేశం' నిర్మాత కృష్ణవేణి మీ సభకు నాలుగు నెలల ముందే కన్నుమూశారు. ఆ తాజా జ్ఞాపకం కూడా పని చేయలేదా?

తొలి టాకీ 1931 సెప్టెంబరు 15న వచ్చిందని దశాబ్దాల పాటు చెప్పుకున్నారు. పరిశోధకుడు రెంటాల జయదేవ సెన్సారు వివరాలు, పాత పత్రికల ప్రకటనలు తవ్వి 1932 ఫిబ్రవరి 6 అని తేల్చారు. ఛాంబర్ కూడా ఆ తేదీనే తెలుగు సినిమా దినోత్సవంగా ఒప్పుకుంది. పుట్టినరోజు సరిచేసుకున్నారు, బాగుంది. ఆ రోజున ఎవరి ఫోటోకు దండ వేస్తారు? 1971లో కమలాబాయి పోయింది. అర్ధశతాబ్దం దాటినా ఇంకా ఆలోచిస్తున్నారా, లేక అసలు ఆలోచనే రాలేదా? ఏదో ఒకటి చేయండి. అవార్డు పెడతారో, ప్రివ్యూ హాలుకు పేరు పెడతారో మీ ఇష్టం. వచ్చేసారి జాబితా మీద సంతకం పెట్టే ముందు కనీసం ఒకరు లేచి, "ఇందులో ఆడవాళ్లెవరూ లేరేమండీ?" అని అడుగుతారా?