చిందు భాగవతం – నృత్యచిత్రం

విషాదాంత నాటకాన్ని సంభాషణలు లేకుండా నృత్యంతోనే తెరకెక్కించడం సాధ్యమా అన్న సందేహానికి ‘నైట్ జర్నీ’ చక్కని సమాధానం. సోఫోక్లిస్ రచించిన ఈడిపస్ కథను అమెరికా నర్తకి మార్తా గ్రాహం 1947లో నృత్యరూపకంగా కూర్చగా, 1961లో అలెగ్జాండర్ హామిడ్ దానిని చిత్రంగా తీశాడు. తెలియక తండ్రిని చంపి తల్లిని పెండ్లాడిన ఈడిపస్ మూలనాటకంలో నాయకుడు. నృత్యచిత్రంలో మాత్రం కథ అతని తల్లి జొకాస్టా మనస్సులో, ఆమె ఉరిత్రాడు చేతబట్టిన చివరి క్షణంలో నడుస్తుంది.

ఇట్టి ప్రయోగానికి తగిన కథ తెలుగువారికీ ఉన్నది. రాజరాజనరేంద్రుని చిన్నభార్య చిత్రాంగి, సవతికొడుకు సారంగధరుని కోరి, అతడు నిరాకరించగా నింద మోపుతుంది. రాజు విచారణ లేకుండానే కొడుకు కాలుసేతులు నరికిస్తాడు. బళ్ళారి వాసి ధర్మవరం రామకృష్ణమాచార్యులు పందొమ్మిదవ శతాబ్ది చివర రచించిన ‘విషాద సారంగధర’కు తెలుగులో తొలి విషాదాంత నాటకమన్న పేరున్నది. కరీంనగర్, ఆదిలాబాద్ పల్లెలకు ఈ కథను చేరవేసినవారు చిందు భాగవతులు. ముఖాన అర్దళం పూసి, కాళ్ళకు గజ్జెలు కట్టి, పాటనూ అడుగునూ విడదీయకుండా వారు రాత్రంతా ఆడేవారు.

జానపద కళలను చిత్రీకరించేవారు సాధారణంగా వేదిక ఎదుట కెమెరా నిలిపి, రాత్రి ఆటను గంటకు కుదిస్తారు. భద్రపరచడానికి అది చాలును, కళాసృష్టికి చాలదు. గుంపు వెనుక కూర్చున్నవారికి అందని కనుబొమ్మ కదలికను, చిత్రాంగి మాట పూర్తికాకముందే తడబడిన గజ్జెను కెమెరా పట్టగలదు. 1957 నాటి ‘సారంగధర’ చలనచిత్రంలో ఆమె మొదట వలచినది యువరాజు చిత్రపటాన్నే. వయసు మళ్ళిన రాజుకు కట్టబెట్టబడిన ఆ యువతి వైపు నుండి కథను చూస్తే, దోషం ఆమె ఒక్కదానిదేనా అన్న ప్రశ్న తప్పక పుడుతుంది.

అయితే ఆ చూపు ఎవరిది కావాలి? పట్టణం నుండి వచ్చిన దర్శకుడు అడుగులు అరువు తెచ్చుకొని, పాత్రలను వేరే నర్తకులకు అప్పగిస్తే అది చిందు కాదు. పురుషపాత్రలతోనూ మెప్పించిన నిజామాబాద్ జిల్లా కళాకారిణి చిందుల ఎల్లమ్మ (మరణం 2005) వంటివారిని కన్న సంప్రదాయంలో చిత్రాంగికి భాష్యం చెప్పగల స్త్రీలకు కొరతేమున్నది? (దండారి పండుగలో రాజ్‌గోండులు ఆడే గుస్సాడి సంగతి వేరు. అది ఆరాధన, ఇట్టి చిత్రాలకు అలంకారంగా దానిని వాడరాదు.) కథ మార్చాలన్నా, ఘట్టం తీసివేయాలన్నా ఆ నిర్ణయంలో భాగవతులకు పాలుండాలి. తెరపై వారి పేర్లు దర్శకుని పేరు సరసన పడాలి. పారితోషికం చిత్రీకరణ మొదలుకాకముందే మాట్లాడుకోవాలి.