మీదే ఊరంటే బోడుప్పల్ అనేవారేరీ?

బోడుప్పల్: ఇక్కడి కాలనీలలో ఎవరినైనా "మీదే ఊరు?" అని అడిగితే నల్లగొండ, వరంగల్, గుంటూరు అనే జవాబులే ఎక్కువగా వస్తాయి. ఉప్పల్, నాచారం పారిశ్రామికవాడలలో పని కోసం వచ్చి, ఇల్లు కట్టుకుని, పిల్లల పెళ్ళిళ్ళు చేసినవారు సైతం "బోడుప్పల్ మాది" అనడానికి వెనుకాడుతున్నారు. వారి పిల్లల పరిస్థితి మరీ విచిత్రం. తాతల ఊరికి సెలవుల్లో మాత్రమే వెళతారు. పుట్టిపెరిగిన ఊరేమో తమది కాదని ఇంట్లో వింటారు.

ఈ చిక్కును దాటి చూపిన వ్యక్తి మనకు దగ్గరలోనే పుట్టారు. శ్యాం బెనెగల్ 1934లో సికింద్రాబాద్ తిరుమలగిరిలో జన్మించారు. ఇంట్లో కొంకణి, బయట దక్కనీ, తెలుగు. తండ్రి ఫోటోగ్రాఫర్. ఆయన కెమెరాతోనే పన్నెండేళ్ళ వయసులో బెనెగల్ తొలి చిత్రం తీశారు. ఉస్మానియాలో ఆర్థికశాస్త్రం చదివారు. 1962లో ఆయన తీసిన తొలి డాక్యుమెంటరీ గుజరాతీ భాషలోది. ఆ తర్వాత ఎన్నో డాక్యుమెంటరీలు తీశారు.

డాక్యుమెంటరీలలో అలవడిన చూపే ఆయన కథాచిత్రాలలోనూ కనబడుతుంది. 1974లో వచ్చిన 'అంకుర్'లో పాత్రలచేత ఇక్కడి జనం మాట్లాడే దక్కనీ పలికించారు. 1978లో తెలుగులో 'అనుగ్రహం' తీశారు. 1987లో 'సుస్మన్'లో పోచంపల్లి నేతకార్మికుల బతుకు చూపారు. ఆ పోచంపల్లి ఎక్కడో లేదు. బోడుప్పల్ మీదుగా పోయే వరంగల్ రోడ్డుపై బీబీనగర్ చేరి, కుడికి తిరిగి వెళ్ళవచ్చు.

కొంకణి ఇంట పుట్టినంత మాత్రాన పోచంపల్లి మగ్గం తనకు పరాయిదని బెనెగల్ అనుకోలేదు. అలాగని ఇంటి భాషను వదులుకోవలసిన అవసరమూ రాలేదు. రెండు సంస్కృతులవారిని రెంటికీ చెడ్డ రేవళ్ళుగా చూడటం పొరపాటు. ఊరిని గమనించి, అక్కడివారి కష్టం అడిగి తెలుసుకున్నవారికి ఆ ఊరు సొంతమవుతుంది.

బోడుప్పల్‌కు ఇది ఎంతైనా అవసరం. ఊరు తమది కాదనుకునేవారికి అక్కడి కుంట పూడినా, మురుగు కాలువ పొంగినా పట్టదు. ఏ కాలనీ ఎవరి పొలంలో వెలసిందో, ఏ బావి నీళ్ళు తాగేవారో పాత ఊరి వృద్ధులకే తెలుసు. ఆ సంగతులు వారితోనే పోతున్నాయి.

బెనెగల్ 2024 డిసెంబరు 23న కన్నుమూశారు. ఆయనకు నివాళి అంటే పటానికి దండ వేయడం ఒక్కటే కాదు. కాలనీ సంఘాలు ఒక ఆదివారం 'సుస్మన్' ప్రదర్శించాలి. నేడు సెల్‌ఫోన్ లేని ఇల్లు అరుదు. విద్యార్థులు అందులోని కెమెరాతో పాత ఊరి పెద్దల మాటలను, వలస వచ్చిన తమ తాతల మాటలను చిత్రించేలా ఉపాధ్యాయులు ప్రోత్సహించాలి. ఖర్చు స్వల్పం. ఆ పని చేసిన పిల్లలను "మీదే ఊరు?" అని అడిగితే, తాతల ఊరితో పాటు బోడుప్పల్ పేరూ సంకోచం లేకుండా చెప్పగలుగుతారు. పెద్దలు ఈ దిశగా ఆలోచించవలసి ఉంది.