లూప్ లైన్‌లో పడేశారట!



మన వాడలోంచి ఒకడు ఐపీఎస్ అయితే ఊరంతా ఫ్లెక్సీలు కడతాం. ఇరవై ఏళ్ళ సర్వీసు తర్వాత ఆయన్ని రైల్వే పోలీస్‌కి వేస్తే "పాపం, లూప్ లైన్‌లో పడేశారు" అని నిట్టూరుస్తాం. ఎక్స్‌ప్రెస్ పోవడానికి గూడ్సు బండిని పక్కకి తీసి నిలబెట్టే పట్టాల పేరు అది. రైల్వేస్, ట్రైనింగ్, హోంగార్డ్స్... డిపార్ట్‌మెంట్ లెక్కలో అన్నీ ఆ పట్టాలే.

ఆ నిట్టూర్పు ఉత్తదని అనను. తెలుగు నేల నుంచి వెళ్ళిన వై. పూరన్ కుమార్ హర్యానా కేడర్, 2001 బ్యాచ్. రోహ్‌తక్ రేంజ్ ఐజీగా ఉన్న ఆయన్ని 2025 సెప్టెంబరు చివర్లో సునారియా ట్రైనింగ్ కాలేజీకి మార్చారు. కులవివక్ష గురించి పేజీలకు పేజీలు రాసిపెట్టి, అక్టోబరు 7న ప్రాణం తీసుకున్నారు.

నా తగువు ఆ "పాపం" అనే మాటతోనే. రైల్వే పోలీస్ శిక్ష ఎందుకయింది? అక్కడ ఇసుక లేదు, భూమి సెటిల్‌మెంట్లు లేవు, ఎమ్మెల్యేకి ఆ కుర్చీతో పని లేదు. అంతే కదా? మరి అక్కడ ఉన్నది ఎవరు? జనరల్ బోగీలో వలస కూలీ, ప్లాట్‌ఫారం మీద పిల్లలు, పట్టాల మీద శవాలు.

ఆర్‌పీఎఫ్ వేరు, అది కేంద్రానిది, 1957 చట్టంతో వచ్చింది. రైల్లో హత్య జరిగినా, పట్టాల మీద శవం దొరికినా కేసు కట్టాల్సింది రాష్ట్రం చేతిలోని జీఆర్‌పీ. "రైలు కిందపడి గుర్తు తెలియని వ్యక్తి మృతి" అని జిల్లా ఎడిషన్‌లో రెండు లైన్లు వస్తాయి చూడండి, ఆ రెండు లైన్లు పుట్టేది అక్కడే.

2015 జూన్ 23న తమిళనాడు తిరుచెంగోడు గుడి దగ్గర గోకుల్‌రాజ్ అనే దళిత ఇంజినీరింగ్ కుర్రాడు గౌండర్ కులపు స్నేహితురాలితో మాట్లాడుతుండగా తీసుకుపోయారు. మర్నాడు పళ్ళిపాళయం దగ్గర పట్టాల మీద తల తెగిన శవం. జేబులో ఆత్మహత్య ఉత్తరం! పట్టాల మీద శవం కాబట్టి ముందు వెళ్ళింది రైల్వే పోలీసుల దగ్గరికే. తల్లి, దళిత సంఘాలు పట్టుబట్టాయి, గుడి సీసీ కెమెరా సాక్ష్యం చెప్పింది. 2022 మార్చిలో కులసంఘ నాయకుడు యువరాజ్‌తో కలిపి మొత్తం 10 మంది దోషులని మధురై కోర్టు తేల్చింది. ఆ కేసు దర్యాప్తు చేసిన డీఎస్పీ విష్ణుప్రియ కూడా దళిత బిడ్డే. 2015 సెప్టెంబరులోనే చనిపోయింది. ఆత్మహత్య అన్నారు.

హంతకులు పట్టాలనే ఎందుకు ఎంచుకున్నారు? రైలు గాయాల్ని కలిపేస్తుంది. కాగితం మిగతా పని చేస్తుంది.

ఎస్సీ ఎస్టీ అట్రాసిటీ రూల్స్, 1995లో 7వ రూలు ప్రకారం దర్యాప్తు అధికారి డీఎస్పీకి తగ్గకూడదు. కానీ అది అట్రాసిటీ కేసు అయితేనే. శవ పంచనామాలో మొదటి రోజే "రైలు ఢీకొని" అని పడితే? ఎస్సై దగ్గరో, హెడ్ కానిస్టేబుల్ దగ్గరో ఫైలు ముగుస్తుంది, డీఎస్పీ ఆ ఛాయలకే రాడు. చనిపోయిన వాడి కులం ఎవరూ అడగరు. అడగనవసరం లేని చోటనే మన కులం గుర్తు రాదు వీళ్ళకి!

రైల్వేస్ ఏడీజీ కుర్చీలో ఎవరు కూర్చున్నా, మనవాళ్ళతో సహా, అడగాల్సింది "మళ్ళీ మెయిన్ లైన్‌కి ఎప్పుడొస్తారు సార్" అని కాదు. "మీ హయాంలో పట్టాల మీద దొరికిన శవాల్లో ఎన్నింటికి పేరు దొరికింది, ఎన్ని కేసులు హత్యగా మారాయి" అని.

సికింద్రాబాద్, కాజీపేట, విజయవాడ, గుంతకల్లు తమ్ముళ్ళూ చెల్లెళ్ళూ, మీ ఊరి రైల్వే పోలీస్ స్టేషన్‌కి తలా ఒక ఆర్టీఐ వేయండి. ఐదేళ్ళ లెక్క అడగండి. జవాబులు వచ్చాక వచ్చే భాగం రాస్తాను.