రంగుల పట్టీల ముందు కాసేపు

పండగ రోజుల్లో ఏ టీవీ షోరూంకు వెళ్లినా గోడ నిండా అవే దృశ్యాలు. నెమలి పురి విప్పుతుంది, సముద్రం అడుగున చేపలు ఈదుతాయి, తేనె ధార నెమ్మదిగా జారుతుంది. మసక చీకటి గది గానీ, ఎండకు కమిలిన మనిషి ముఖం గానీ వాటిలో కనిపించదు. తెర గొప్పతనం చాటడానికి తీసిన వీడియోలవి, దాని లోపం బయటపెట్టడం వాటి పని కాదు. ఆ చేప అసలు ఎంత నీలంగా ఉంటుందో మనకు తెలియదు కాబట్టి ఎంత ముదురు నీలం చూపించినా బాగుందనే అనుకుంటాం. పైగా ట్యూబులైట్ల వెలుగులో పక్క టీవీని ఓడించాలి గనక ప్రతి తెరనూ గరిష్ఠ వెలుతురులో, ముదురు రంగుల్లో ఉంచుతారు. అక్కడ గెలిచిన టీవీ మన ఇంటికి వచ్చాక కూడా చాలాసార్లు అదే ధోరణిలో ఏళ్ల తరబడి వెలుగుతూనే ఉంటుంది.

తెరను పరీక్షించడానికి వేరే బొమ్మలున్నాయి. వాటిలో అందం లేదు, కథ లేదు. ఏడు నిలువు రంగు పట్టీలు, ఒక వలయం, సన్నని గీతలు, నలుపు నుంచి తెలుపు దాకా బూడిద రంగు మెట్లు. వీటినే టెస్ట్ ప్యాటర్న్‌లు అంటారు. కంటి ఆసుపత్రి గోడ మీది అక్షరాల అట్టను ఎవరూ కథ కోసం చదవరు. ఏ వరుసలో ఏ అక్షరముందో డాక్టరుకు ముందే తెలుసు, అందుకే మన చూపు సంగతి తేలుతుంది. టెస్ట్ ప్యాటర్న్ బలం కూడా అదే. అందులో ఏం కనిపించాలో ముందే ఖాయమై ఉంటుంది.

ఒకప్పుడు ఈ బొమ్మలు అడగకుండానే ఇంటికి వచ్చేవి. హైదరాబాద్‌లో దూరదర్శన్ కేంద్రం 1977లో మొదలైంది. ఆ తర్వాత చాలాకాలం ప్రసారాలు కొద్ది గంటలే. అవి మొదలయ్యే ముందు తెర మీద ప్యాటర్న్ నిలిచి ఉండేది. అదే హైదరాబాద్‌లో ఈసీఐఎల్ తయారుచేసిన ఈసీ టీవీల ముందు కూర్చున్నవారు ఆ బొమ్మను చూసే మీటలు తిప్పేవారు. వలయం కోడిగుడ్డులా సాగితే ఎత్తు సరిచేయాలి, గీతలు అలుక్కుపోతే యాంటెన్నా కదపాలి. ఇంజినీరింగ్ చదవని ఇల్లాలికి కూడా ఆ పరీక్ష అర్థమయ్యేది. ఇరవై నాలుగు గంటల ఛానళ్లు వచ్చాక ఖాళీ సమయం పోయింది, దానితోపాటు ఆ బొమ్మా ఇంజినీర్ల గదుల్లోకి వెళ్లిపోయింది. అప్పటి నుంచి మన తెర సరిగ్గా ఉందో లేదో చూసుకునే పని మన చేతిలోంచి జారిపోయింది. అది మళ్లీ మన చేతికి రావాలి.

ఈ బొమ్మల వెనుక ఉన్న శ్రద్ధ తెలిస్తే వాటి మీద గౌరవం పెరుగుతుంది. బ్రిటన్‌లో రంగుల ప్రసారం మొదలైన 1967 జులైలోనే బీబీసీ ‘టెస్ట్ కార్డ్ ఎఫ్’ను తెర మీదికి తెచ్చింది. దాన్ని రూపొందించిన ఇంజినీరు జార్జ్ హెర్సీ మధ్యలో తన కూతురు కరోల్ ఫొటో పెట్టాడు. ఎనిమిదేళ్ల పిల్ల ఒక బట్ట బొమ్మను పక్కన పెట్టుకుని నల్లబల్ల మీద సున్నా-ఇంటూ ఆట ఆడుతుంటుంది. ఆ ఇంటూ గుర్తు ఒకటి సరిగ్గా తెర నడిబొడ్డును సూచిస్తుంది. బొమ్మలో ఆకుపచ్చ లేదని గమనించి ఆ బట్ట బొమ్మకు ఆకుపచ్చ తొడుగు వేశారు. ముఖమే ఎందుకంటే, గోడ రంగు కాస్త మారినా పట్టించుకోని కన్ను మనిషి చర్మం రంగు తేడాను ఇట్టే పట్టేస్తుంది.

ఇక్కడ ఒక చిక్కూ ఉంది. ఆ ముఖం ఒక తెల్ల పాప ముఖం. ఫొటో ల్యాబుల్లో కొడాక్ వాడిన నమూనా కార్డుల మీద కూడా దశాబ్దాల పాటు తెల్లజాతి స్త్రీల ముఖాలే ఉండేవి. నల్లని, చామనఛాయ ముఖాలు ఆ కొలతలో సరిగ్గా ఒదగలేదు. కొలిచేవాడు ఎవరిని ముందు నిలబెట్టుకుంటాడో కొలత కూడా వాళ్లకే అనుకూలిస్తుంది. ఆ మాటకొస్తే, ముఖం లేని రంగు పట్టీల్లో ఎక్కువ న్యాయం ఉందనిపిస్తుంది.

1970ల్లో అమెరికాలో సీబీఎస్ ల్యాబ్స్ ఇంజినీర్లు తీర్చిదిద్దిన పట్టీలవి, ఎస్‌ఎంపీటీఈ అనే సాంకేతిక సంఘం ప్రమాణంగా స్వీకరించింది. ఎడమ నుంచి బూడిద రంగు, పసుపు, లేత ఆకాశనీలం, ఆకుపచ్చ, మెజెంటా, ఎరుపు, నీలం. వరుస వెలుగును బట్టి పెట్టింది, ఎడమ పట్టీకి అన్నిటికన్నా ఎక్కువ ప్రకాశం, కుడి చివరిదానికి అన్నిటికన్నా తక్కువ. ఇందులో ఒక రహస్యం ఉంది. ఒక పట్టీ విడిచి ఒక పట్టీలో నీలం కలిసి ఉంటుంది. నీలపు గాజు కాగితం లోంచి చూస్తే నాలుగు పట్టీలు ఒకే వెలుగుతో, మిగతా మూడు నల్లగా కనిపించాలి. నాలుగింటిలో తేడా ఉంటే రంగుల మీట తప్పుందన్నమాట. ఇంత క్లిష్టమైన పనికి ఒక గాజు కాగితం ముక్క సరిపోయేలా ఆలోచించినవాళ్లకు దణ్ణం పెట్టాలి.

ఆ బొమ్మలోనే కింద కుడివైపు, చీకట్లో దాగినట్టు, మూడు సన్నని గీతలుంటాయి. బీబీసీ నుంచి వచ్చిన ఈ పద్ధతిని ప్లూజ్ అంటారు. ఒక గీత నలుపు కన్నా నలుపు, ఒకటి సరిగ్గా నలుపు, మూడోది నలుపు కన్నా ఒక్క వాసి వెలుగు. సరిచేసిన తెరలో మొదటి రెండూ కలిసిపోయి, మూడోది మాత్రం పట్టి చూస్తే కనిపించాలి. మూడూ కనిపిస్తే నలుపు బూడిదగా తేలిపోయినట్టు, ఏదీ కనిపించకపోతే చీకట్లో ఉన్నదంతా మునిగిపోయినట్టు. చాలా టీవీల్లో బ్రైట్‌నెస్ మీట సరిచేసేది ఈ నలుపునే, తెలుపును చూసుకునేది కాంట్రాస్ట్ మీట.

ఆ ఒక్క వాసి కోసం ఇంత పాకులాట ఎందుకని అడగొచ్చు. సినిమాలో రాత్రి అంటే ఆ వాసిలోనే ఉంటుంది. పాకలో దీపం దగ్గర కూర్చున్న మనిషి వెనుక గోడ, నల్ల కంబళి మడత, చెట్టు కింద నిలబడ్డవాడి భుజం. ఛాయాగ్రాహకుడు గంటలకొద్దీ దీపాలు సర్ది తెచ్చిన నీడలవి. 2019 ఏప్రిల్‌లో ‘గేమ్ ఆఫ్ థ్రోన్స్’ ధారావాహికలో ఒక రాత్రి యుద్ధ భాగం ప్రసారమైతే ఏమీ కనిపించలేదని ప్రపంచమంతా గోల పెట్టింది. చాలామందికి టీవీని సరిగ్గా అమర్చుకోవడం తెలియదని దాని ఛాయాగ్రాహకుడు ఫేబియన్ వాగ్నర్ జవాబిచ్చాడు. తప్పంతా ప్రేక్షకుడిదే అనడం న్యాయం కాదు, ప్రసారం కోసం చిత్రాన్ని కుదించినప్పుడు మొదట దెబ్బతినేవి ఆ నీడలే. అయినా ఆయన మాటలో సగం నిజముంది.

వినోదం దగ్గర ఇది రసభంగం, ఆసుపత్రిలో అంతకు మించినది. ఎక్స్‌రేలు, స్కాన్‌లు ఇప్పుడు మానిటర్ మీదే చూస్తున్నారు. వైద్య చిత్రాల కోసం ఎస్‌ఎంపీటీఈ ప్రత్యేకంగా ఒక ప్యాటర్న్ తయారుచేసింది. అందులో పూర్తి నలుపు గడి లోపల 5 శాతం వెలుగున్న చిన్న గడి, పూర్తి తెలుపు గడి లోపల 95 శాతం వెలుగున్న చిన్న గడి ఉంటాయి. రెండు చిన్న గడులూ కనిపించాలి. నలుపు గడిలో చిన్నది కనిపించని తెర మీద ఊపిరితిత్తిలోని పలచని మచ్చ కూడా కనిపించకపోవచ్చు. ఆ పరీక్ష క్రమం తప్పక చేసే రేడియాలజీ విభాగాలున్నాయి. పట్టణంలోని ప్రతి చిన్న స్కానింగ్ సెంటర్‌లోనూ అది జరగాలి.

మన కంటి మీదే ఆధారపడితే చాలదా అంటే, కన్ను చాలా సర్దుబాటు గలది. చిత్రం తీసేవాళ్లు తెలుపుకు ప్రమాణంగా పెట్టుకున్నది పగటి వెలుగును పోలిన, సుమారు 6500 కెల్విన్ల తెలుపు. అమ్మకానికి పెట్టిన టీవీల్లో తరచూ తెలుపు నీలం వైపు మొగ్గి ఉంటుంది. దాన్ని ‘వార్మ్’ సెట్టింగుకు మారిస్తే మొదట అంతా పచ్చకామెర్లు వచ్చినట్టు అనిపిస్తుంది. నాలుగు రోజులు పోనిచ్చి పాత సెట్టింగుకు తిప్పితే అదే నీలంగా, చలిగా కనిపిస్తుంది. తప్పుకు కూడా అలవాటుపడే గుణం కంటికి ఉంది కనుకనే అలవాటుపడని బొమ్మ ఒకటి కావాలి.

కంప్యూటర్ మానిటర్ పరీక్ష ఇంకా తేలిక. 1920×1080 తెరలో 20,73,600 చుక్కలుంటాయి, ఒక్కొక్కదానిలో ఎరుపు, ఆకుపచ్చ, నీలం అనే మూడు భాగాలు. తెర నిండా ఒక్కో రంగునూ నింపి చూస్తే వెలగని చుక్క, ఆరని చుక్క బయటపడతాయి. గది దీపాలార్పి పూర్తి నలుపు పెడితే అంచుల నుంచి కారే వెలుతురు తెలుస్తుంది, లేత బూడిద రంగు పెడితే మరకలు తెలుస్తాయి. ఎన్ని చుక్కలు పోతే మార్చి ఇస్తారో కంపెనీల నిబంధనల్లో ఉంటుంది, వాపసు గడువు మాత్రం కొద్ది రోజులే. అందుకే ఈ పరీక్ష కొన్న రోజే చేసుకోవాలి. బొమ్మలు ఉచితంగానే దొరుకుతాయి.

కొత్త టీవీ కొంటే కంపెనీ తరఫున ఒక కుర్రాడు వస్తాడు. గోడకు బిగిస్తాడు, వైఫై కలుపుతాడు, రిమోట్ మీటలు చూపించి వెళ్తాడు. ఆ కుర్రాడి చేతికి ఐదారు ప్యాటర్న్‌లున్న పెన్‌డ్రైవ్ ఇచ్చి, నలుపు, తెలుపు, రంగులు సరిచేయడం నేర్పితే ప్రతి ఇంట్లో మరో పదిహేను నిమిషాలు పడుతుంది. షోరూంలో నెమలి పక్కన ఒక్క తెర మీదైనా ప్యాటర్న్ పెట్టమంటే యజమానికి పోయేదేమీ లేదు. రేపు కొనబోయేవాళ్లు ఈ రెండూ అడగాలి.