సంజాయిషీ అడగని ఉత్తర్వు

మొన్న దసరాకు మా ఊరు వెళ్ళినప్పుడు నా చిన్ననాటి సహాధ్యాయి ఒక కాగితం చూపించాడు. అతడు ఒక ప్రభుత్వ కార్యాలయంలో పదకొండేళ్ళపాటు కాంట్రాక్టు పద్ధతిపై కంప్యూటర్ ఆపరేటరుగా పనిచేశాడు. ఏటా మార్చి నెలాఖరున గడువు ముగియడం, ఒక రోజు విరామమిచ్చి ఏప్రిల్‌లో మళ్ళీ నియమించడం అక్కడి ఆనవాయితీ. ఈసారి గడువు ఇంకా ఏడు నెలలు ఉండగానే ఉత్తర్వు వచ్చింది. అందులో ఉన్నది ఒకే వాక్యం: పరిపాలనా కారణాల దృష్ట్యా అతని సేవల అవసరం ఇకపై లేదు.

ఊరందరికీ తెలిసిన కారణం వేరు. పింఛనుదారుల జాబితాలో అనర్హుల పేర్లు చేరాయనీ, అవి అతని లాగిన్ నుండే చేరాయనీ పై అధికారి అనుమానం. ఆ పాస్‌వర్డు కార్యాలయంలో నలుగురికీ తెలుసునట. నిజమేమిటో నాకు తెలియదు. మిత్రుడు కనుక నిర్దోషి అని వాదించడానికి ఇది వ్రాయడం లేదు. అతడు దోషే కావచ్చు. ఆ మాట అతని ఎదుట చెప్పి, జవాబు అడగవలసింది కదా!

ప్రభుత్వోద్యోగిని తొలగించాలంటే అభియోగాలు తెలిపి, తన వాదన చెప్పుకొనే సముచితమైన అవకాశమిచ్చి విచారణ జరపాలని రాజ్యాంగంలోని 311వ అధికరణం చెబుతున్నది. కాంట్రాక్టుపై వచ్చినవారిని సాధారణంగా ఆ గొడుగు క్రిందికి రానివ్వరు. వారికి మిగిలేది 14వ అధికరణం, దానితో ముడిపడిన సహజ న్యాయ సూత్రాలు. ఇక్కడ న్యాయస్థానాలు ఒక సన్నని గీత గీశాయి. తాత్కాలికోద్యోగుల విషయంలో 1957 నాటి ధింగ్రా తీర్పు మొదలుకొని వస్తున్న గీత అది. ఆరోపణ తొలగింపుకు కేవలం ప్రేరణ అయితే విచారణ అక్కరలేదు; అదే పునాది అయితే తప్పదు.

ఆచరణలో ఇది ఎలా పరిణమించిందో చూడండి. నిధులు దుర్వినియోగం చేశాడని ఉత్తర్వులో నిజాయితీగా వ్రాసిన అధికారి విచారణ జరపాలి. అదే ఆరోపణను మనసులో పెట్టుకొని ‘అవసరం లేదు’ అని వ్రాసినవాడికి ఏ బాదరబందీ లేదు. కారణం దాచినవాడికే చట్టం సౌకర్యం కల్పించినట్లయింది.

న్యాయస్థానాలు ఈ ముసుగు తొలగించి చూడలేదని కాదు. 1981లో వాన కురిసిన ఒక ఉదయం హైదరాబాదు పోలీసు అకాడమీలో శిక్షణార్థులు వ్యాయామానికి సుమారు 22 నిమిషాలు ఆలస్యంగా వచ్చారు. అందుకు ప్రేరేపకులలో ఒకడని తలచి ఒక ఐపీఎస్ ప్రొబేషనరును, ఏ మచ్చా కనబడని మాటలతో ఇంటికి పంపారు. 1984లో సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేసింది. మధ్యప్రదేశ్‌లో సర్వశిక్షా అభియాన్‌లో కాంట్రాక్టుపై పనిచేసిన ఒక మహిళను 2013లో తొలగించారు. అది మచ్చ వేసే ఉత్తర్వేననీ, విచారణ లేకుండా చెల్లదనీ 2024లో సుప్రీంకోర్టు చెప్పింది. సంతోషమే. కాని 2013 ఎక్కడ, 2024 ఎక్కడ!

మీలో చాలామంది సాఫ్టువేరు ఉద్యోగులు. నెల నోటీసు ఇచ్చి పొమ్మంటే మేము పోవడం లేదా అని అడుగుతారు. గడువు తీరినందుకో, పథకం ముగిసినందుకో పంపివేస్తే నాకూ ఆక్షేపణ లేదు. ఎన్నేళ్ళు పనిచేసినా అంతమాత్రాన క్రమబద్ధీకరణ హక్కు రాదని 2006లో ఉమాదేవి కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఆ తీర్పును పట్టుకొని, అడగకుండా నింద వేసే అధికారం కూడా సంక్రమించినట్లు మాట్లాడడమే విడ్డూరం. పైగా మీకు ఒక కంపెనీ కాకపోతే మరొకటి. చిన్న ఊరిలో ప్రభుత్వం ఒక్కటే. ‘తీసేశారట’ అన్న మాట వాడి కంటే ముందే ప్రతి గుమ్మానికీ చేరుతుంది.

ఒక్కొక్కరినీ పిలిచి వినే తీరిక ఎక్కడిది అనేవారూ ఉన్నారు. తెలంగాణలో సమ్మె చేసిన ఉపాధి హామీ ఫీల్డ్ అసిస్టెంట్లను, ఏడువేల మందికి పైగా, 2020లో ఒక్కపెట్టున తొలగించి 2022లో తిరిగి తీసుకున్నారు. దానికి దొరికిన తీరిక దీనికి దొరకదా?

నేను కోరేది పెద్ద తతంగమేమీ కాదు. గడువుకు ముందు తొలగిస్తున్నప్పుడు కారణం కాగితంపై పెట్టాలి. ఆధారాల నకళ్ళు ఇచ్చి, పదిహేను రోజులలో జవాబు తీసుకోవాలి. ఆ జవాబు చదివేవాడు ఆరోపణ చేసినవాడు కాకూడదు. అంతా విన్న తరువాత తొలగిస్తే తొలగించనీ.

మా మిత్రుడు ఎవరూ అడగకుండానే నాలుగు పుటల సంజాయిషీ వ్రాసి పెట్టుకున్నాడు. తాను ఏయే తేదీలలో సెలవులో ఉన్నాడో, ఆ రోజులలో ఆ కుర్చీలో ఎవరు కూర్చున్నారో అన్నీ అందులో ఉన్నాయి. హైకోర్టులో రిట్ వేయమన్నాను. వకీలు ఫీజు ఎంతవుతుందని అడిగాడు.